అటక మీది బందరు: మీ ప్రశ్నలు, నా జవాబులు

బందరు రిజిస్ట్రారు ఆఫీసు ఎదురుగా అరుగు మీద నలభై ఏళ్లు దస్తావేజులు రాసినవాణ్ని. చరిత్ర నేను కాలేజీలో చదువుకున్నది కాదు, కక్షిదారులు సంచుల్లో పట్టుకొచ్చిన పాత కాగితాల్లో చూసింది. ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఊరి పాత సంగతులు ఎలా రాసిపెట్టుకోవాలనే అడిగాయి. నాకు చాలా సంతోషంగా ఉంది. అందుకే మిగతా ప్రశ్నలు పక్కన పెట్టి వీటికే జవాబులిస్తున్నాను.

ప్రశ్న: బందరులో మా మామగారి ఇల్లు పడగొట్టి అపార్ట్‌మెంటుకి ఇస్తున్నాం. అటక మీద ఓ భోషాణం దొరికింది. నిండా పొడుగాటి చిట్టా పుస్తకాలు, గొలుసుకట్టు రాతలో కాగితాలు. కొన్ని చెదలు తినేశాయి. మాలో ఎవరికీ చదవడం రాదు. మావారి తాతగారికి గుడ్డల వ్యాపారం ఉండేదట. పాత కాగితాలవాడికి వేసేద్దామని మావారంటున్నారు. వీటివల్ల ఏమైనా ఉపయోగముందా? (ఒక గృహిణి, హైదరాబాద్)

అమ్మా, వెయ్యకండి. మీ వారికి నా మాటగా చెప్పండి. మా నాన్నగారు కూడా దస్తావేజు లేఖరే. ఆయన ముప్పై ఏళ్లపాటు రాసిన చిత్తుప్రతులు పురికొసతో కట్టలు కట్టి పెట్టుకున్నారు. ఆయన పోయిన ఏడాదికి ఇల్లు సర్దుతూ నేనే వాటిని తూకానికి వేసేశాను. అప్పుడు నాకు ముప్పై దాటలేదు. వాటిలో ఏముందో తెలిసే వయసొచ్చేసరికి అవి లేవు. ఆ బాధ ఇంకా పోలేదు కాబట్టే ఇంత గట్టిగా చెబుతున్నాను.

ముందు చిట్టాల సంగతి. గొలుసుకట్టు రాత చూసి భయపడకండి. అది తెలుగే. కలం ఎత్తకుండా అక్షరం వెనక అక్షరం కలిపి రాసుకుంటూ పోతారు, అంతే. తెలిసిన మాటలతో మొదలుపెట్టండి. పేజీ పైన శ్రీకారం, దాని కింద సంవత్సరం పేరు, నెల, తిథి, వారం ఉంటాయి. ఎడమ వైపు జమ, కుడి వైపు ఖర్చు. ఈ నాలుగైదు మాటలూ పది పేజీల్లో గుర్తుపట్టారంటే ఆ గుమాస్తా చేతిరాత మీకు పట్టుబడుతుంది. ప్రతి గుమాస్తాకీ ఒక ‘క’, ఒక ‘త’ ఉంటాయి. ఒకసారి పట్టుకుంటే ఇక వదలవు.

4-6-3 అని కనబడితే 4 రూపాయల 6 అణాల 3 పైసలని అర్థం. రూపాయికి 16 అణాలు, అణాకి 12 పైసలు. 1957 ఏప్రిల్ 1న నయాపైసలు వచ్చాయి కాబట్టి ఆ తర్వాత రాత మారిపోతుంది. తూకాలకైతే 8 వీశెలు మణుగు, 20 మణుగులు బారువ. వీశె అంటే 120 తులాలు, ఇప్పటి లెక్కలో దగ్గర దగ్గర 1.4 కిలోలు. ఈ లెక్క ఓ అట్టముక్క మీద రాసి పక్కన పెట్టుకోండి.

ఇక ఇందులో ఏముంటుందంటారా? మీవారి తాతగారు ఎంత సంపాదించారన్నది చిన్న సంగతి. ఖర్చు వైపు చూడండి. కాలవ మీద సరుకు తెచ్చిన పడవకి కిరాయి, ఉతికినవాళ్లకి కూలి, మూటలు మోసినవాళ్లకి కూలి, కొట్లో దీపానికి చమురు, గుడికి ధర్మం, గుమాస్తాకి పండగ బట్టలు. ఏ నెలలో పడవ కిరాయి పెరిగిందో, ఏ నెలలో పద్దులే లేవో చూస్తే కాలవ ఎప్పుడు కట్టేశారో, వాన ఎప్పుడు ముంచిందో తెలుస్తుంది. పెద్ద పెద్ద కంపెనీల రికార్డులు విదేశాల్లో భద్రంగా ఉన్నాయి. ఏ ఓడలో ఎన్ని గుడ్డలు ఎక్కాయో వాటిలో ఉంటుంది. ఆ మూట రేవుదాకా మోసిన మనిషి ఆ పూట ఏం పుచ్చుకున్నాడో ఉంటే గింటే మీ భోషాణంలోనే ఉండాలి.

దస్తావేజులు కూడా ఉండే ఉంటాయి. మామూలుగా అందరూ దస్తావేజులో ఎవరు అమ్మారు, ఎవరు కొన్నారు, ఎంతకి అని చూసి పక్కన పెట్టేస్తారు. మీరు హద్దుల దగ్గర ఆగండి. ఒకసారి ఒక పెద్దావిడ తన పుట్టింటివారి కాగితం పట్టుకొచ్చింది. ఇప్పుడు అక్కడ రెండు వైపులా డాబాలున్న ఇరుకు సందు. ఆ కాగితంలో ఉత్తరపు హద్దు దగ్గర ‘అద్దకం వారు గుడ్డలు ఆరవేసుకొనే బీడు’ అని ఉంది. నేను రాసేది ఆపి ఆ ఒక్క ముక్కా మూడుసార్లు చదివాను. ఆ సందులో రోజూ సైకిల్ మీద వెళ్లేవాణ్ని. అక్కడ ఎర్రగుడ్డలు బారులుగా పరిచి ఉండేవని నాకెవరూ చెప్పలేదు. ఎక్కడా అచ్చు కాలేదు. పొలం గట్టు తగాదా రాకుండా ఎవరో లేఖరి రాసిన హద్దు అది. తూర్పు, దక్షిణం, పడమర, ఉత్తరం – నాలుగు వాక్యాలు. ఒక పేటలోని పాత దస్తావేజులు పాతిక పోగేసి ఆ హద్దులు కాగితం మీద గీశారంటే ఊరు తనంత తానే లేచి నిలబడుతుంది. ఎక్కడ బావి, ఎక్కడ చావడి, ఎవరి దొడ్డి పక్కన ఎవరి ఇల్లు అన్నీ తెలుస్తాయి.

మీ దగ్గర కాగితం చిరిగిపోయి ఉంటే దిగులుపడకండి. రిజిస్టరైన దస్తావేజుకి ఆఫీసులో ఒకటో నంబరు పుస్తకంలో నకలు ఉంటుంది. స్థిరాస్తి దస్తావేజులు ఎక్కే పుస్తకం అదే. రుసుము కట్టి ఎవరైనా చూడొచ్చు, నకలు తీసుకోవచ్చు. 1908 రిజిస్ట్రేషన్ చట్టంలోనే ఆ వీలుంది. దస్తావేజు నంబరు, సంవత్సరం రెండూ తెలిస్తే పని సులువు.

ఇప్పుడు చేతులతో చేయాల్సిన పని. భోషాణం ఖాళీ చేసేముందే ఫొటో తీయండి. ఏది దేని మీద ఉందో ఆ వరసే ఒక సమాచారం. కట్టలు విప్పితే ఏ కట్ట కాగితాలు ఆ కట్టలోనే ఉంచండి. ఎండలో ఆరబెట్టొద్దు, నీడన గాలికి పెట్టండి. మెత్తటి కుంచెతో దుమ్ము దులపండి. సెల్లోటేపు అంటించొద్దు, లామినేషన్ అసలే వద్దు. టేపు జిగురు కొన్నేళ్లకి కాగితాన్ని గోధుమరంగు చేసి తినేస్తుంది. లామినేషన్ చేశాక వెనక్కి తీయడం కుదరదు. ఫోనుతో ఫొటోలు తీసేటప్పుడు ఫ్లాష్ ఆపి, కిటికీ వెలుతుర్లో, పుస్తకం అట్ట దగ్గర్నుంచి చివరిదాకా తీయండి. ఖాళీ పేజీలు కూడా వదలొద్దు. నాలుగు ఖాళీ పేజీలు అంటే ఆ ఇంట్లో ఏదో జరిగి ఉంటుంది. అసలు కాగితాలు మీ దగ్గరే ఉంచుకుని, ఫొటోలు మాత్రం మూడు చోట్ల దాచండి.

ప్రశ్న: నేను డిగ్రీ విద్యార్థిని. ఇంగ్లీషుపాలెం, వలందపాలెం, పరాసుపేట పేర్ల మీద ప్రాజెక్టు చేస్తున్నాను. ఎక్కడ మొదలుపెట్టాలి? (మచిలీపట్నం)

అమ్మాయ్, పేరులోనే మొదలుపెట్టు. బందరు అన్న మాటే పారశీకం, రేవు అని అర్థం. గోల్కొండ కుతుబ్‌షాహీలకు ఇదే పెద్ద రేవు. డచ్చివాళ్లు 1605లో వచ్చారు. హాలండ్ నుంచి వచ్చినవాళ్లు మన నోట వలందులయ్యారు, వాళ్లుండే చోటు వలందపాలెం. ఇంగ్లీషువాళ్లు గ్లోబ్ అనే ఓడలో 1611లో వచ్చి ఇక్కడ కొఠీ, అంటే వర్తక స్థావరం, పెట్టుకున్నారు. అప్పటికి మద్రాసు కోట లేదు. ఫ్రెంచివాళ్లు, అంటే మన పరాసులు, 1669లో వచ్చారు. 1759 ఏప్రిల్‌లో కర్నల్ ఫోర్డ్ బందరు కోటని వాళ్ల దగ్గర్నుంచి ఇంగ్లీషువాళ్లకి దక్కించాడు. ఇంతవరకు ఏ పుస్తకంలోనైనా దొరుకుతుంది. దీనికి ప్రాజెక్టులో ఒక్క పేజీ చాలు.

ఫ్రెంచి వజ్రాల వ్యాపారి తవెర్నియే 17వ శతాబ్దంలో ఈ ఊరు చూశాడు. ఇక్కడి ఇళ్లు చెక్కతో కట్టినవని, ఒకదానికొకటి ఎడంగా ఉన్నాయని రాశాడు. పెగూకి, సయాంకి, బెంగాల్‌కి, మక్కాకి, హొర్ముజ్‌కి ఇక్కడ్నుంచి ఓడలు వెళ్లేవని కూడా రాశాడు. ఎన్నో రేవులు చూసిన మనిషి ఇక్కడి లంగరు స్థలమే బంగాళాఖాతంలోకెల్లా మంచిదన్నాడు. ఇప్పుడు నువ్వు ఆ మూడు పేటల్లో తిరిగి, అరవై దాటిన వాళ్లని వెతికి, ‘మీ చిన్నప్పుడు ఈ మలుపుని ఏమని పిలిచేవారు? ఆ చెరువుకి పేరుందా? రిక్షావాడికి ఏమని చెప్పేవారు?’ అని అడుగు. మునిసిపాలిటీ బోర్డు మీద లేని పేర్లు బయటికొస్తాయి. నా లెక్కలో నీ ప్రాజెక్టు అంటే అదే.

డచ్చివారి సమాధుల దగ్గరికి వెళ్తే పొద్దున్నే గానీ, సాయంత్రం ఎండ వాలాక గానీ వెళ్లు. ఏటవాలు వెలుతుర్లో రాతిమీద చెక్కిన అక్షరాలు పైకి తేలతాయి. అక్షరాలు కనబడాలని సుద్ద రాయొద్దు, నూనె పూయొద్దు. మూడు వందల ఏళ్లకు పైగా ఉప్పుగాలికి తట్టుకున్న రాళ్లు అవి.

ప్రశ్న: మా నాయనమ్మ చెప్పిన ఉప్పెన కథ ఇంట్లో అందరికీ తెలుసు. నీళ్లు తాటిచెట్టంత ఎత్తున వచ్చాయని, దూలం పట్టుకుని ఒక పసిపిల్ల బతికిందని. అది 1977 దివిసీమ ఉప్పెన అని మా నాన్న, కాదు 1864ది అని మా మావయ్య. నాయనమ్మ మాత్రం ‘రక్తాక్షిలో’ అనేది. ఎవరిది నిజం? (గుడివాడ)

బాబూ, నాయనమ్మ మాటే పట్టుకో. 1864 నవంబరు 1 రాత్రి బందరు మీద పడిన ఉప్పెన రక్తాక్షి నామ సంవత్సరంలోదే. సుమారు 30,000 మంది పోయారని లెక్క. 1883లో అచ్చయిన కృష్ణా జిల్లా మాన్యువల్‌లో ఆ సంగతులున్నాయి. 1977 నవంబరు 19 నాటి దివిసీమ ఉప్పెన పింగళ నామ సంవత్సరం. కాబట్టి మీ మావయ్యగారి మాట నిలుస్తుంది. కాకపోతే ఒక జాగ్రత్త ఉంది. అరవై ఏళ్లకోసారి అదే పేరు తిరిగొస్తుంది. 1924లో వచ్చిన ఏడాది కూడా రక్తాక్షే. పాత కాగితంలో ఒక్క సంవత్సరం పేరే ఉంటే తొందరపడి తేదీ వేయకూడదు. పక్కన ఫసలీ, అంటే శిస్తు లెక్కల సంవత్సరం, ఉంటే దానికి 590 కలుపు. ఫసలీ 1300 అంటే 1890 జులై నుంచి 1891 జూన్ దాకా.

1864 నాటికి మీ నాయనమ్మ పుట్టి ఉండదు కదా. అంటే ఆ కథ ఆవిడ ఎవరి నోటనో విన్నది. ‘నాయనమ్మ చెప్పింది’ అని ఊరుకోకుండా ఆవిడకి ఎవరు చెప్పారు, ఆ పసిపిల్ల మీ వంశంలో ఎవరు, ఏ ఊళ్లో అని నాన్నగారినీ, మావయ్యగారినీ విడివిడిగా అడుగు. కలిపి కూర్చోబెడితే ఒకరి మాట మీద ఒకరు పడతారు. రెండు కథలూ తేడాలతో సహా రాయి, సరిదిద్దొద్దు. తాటిచెట్టంత ఎత్తు కొలతకి నిలబడకపోవచ్చు. ఆ రాత్రి భయం ఎంతదో ఆ మాటే చెబుతుంది, అలాగే ఉంచు.

ప్రశ్న: మాది పెడన. మా నాన్నగారు చిన్నప్పట్నుంచీ అద్దకం పనిలోనే ఉన్నారు. ఈమధ్య చెయ్యి వణుకుతోంది. ఆయన చెప్పేవన్నీ ఫోనులో రికార్డు చేయాలని నాకుంది. కానీ ‘మీ జీవితం గురించి చెప్పండి నాన్నా’ అంటే, ‘ఏముందే చెప్పడానికి’ అని లేచిపోతున్నారు. ఎలా అడగాలి?

తల్లీ, ఈ ఉత్తరం చదివి నాకు కళ్లు చెమర్చాయి. జీవితం గురించి చెప్పమంటే ఏ తండ్రైనా లేచిపోతాడు. ఆయన చేతికి పని ఇవ్వు. బల్ల ముందు కూర్చోబెట్టి, పాత అచ్చు ఒకటి చేతిలో పెట్టి, ‘ఇది ఎవరు చెక్కారు? ఏ గుడ్డకి వాడేవాళ్లం? ఈ అంచు ఎందుకు అరిగింది?’ అని అడుగు. టేకు చెక్క మీద తీగ, పువ్వు చెక్కిన ఆ అచ్చులో ఏ వైపు ఎక్కువ అరిగిందో చూస్తే ఆయన ఏ చేత్తో కొట్టారో తెలుస్తుంది. చెయ్యి మాట్లాడ్డం మొదలుపెడితే నోరు దాని వెనకే వస్తుంది.

తర్వాత పనిని వరసగా నడిపించు. గుడ్డ ఉతికి, కరక్కాయ నీళ్లలో ముంచి ఆరేయడం. తుప్పు ఇనుమూ బెల్లమూ నీళ్లలో వేసి పులియబెట్టి నలుపు చేయడం. పటిక అద్దిన చోటే ఎరుపు పట్టడం. పారే నీళ్లలో ఉతకడం. రాగి డేగిశాలో ఉడకబెట్టడం. ఇదంతా ఇప్పుడు చాలాచోట్ల రాసి ఉంది. రాసి లేనిది నువ్వు అడగాలి. నలుపు తయారైందని వాసన చూసి చెప్పేవారా, వేలు ముంచి చూసేవారా? వానాకాలం పని ఆగితే ఇల్లు ఎలా గడిచింది? కాలవలో నీళ్లు వదలనప్పుడు ఎక్కడ ఉతికారు? కూలి రోజుకా, ముక్కకా? మొదటి కూలి ఎంత, అది ఎవరి చేతికిచ్చారు? రసాయన రంగు మొదటిసారి వాడిన రోజు గుర్తుందా, ఎవరు తెచ్చారు?

ఒకటి మాత్రం మర్చిపోవద్దు. అమ్మని కూడా అడుగు. కరక్కాయ దంచింది, గుడ్డలు ఆరేసి మడతపెట్టింది, పొయ్యి మంట చూసింది ఇంట్లో ఆడవాళ్లు. వాళ్ల పేర మజూరీ రాసిన పద్దు నేను చూసిన కాగితాల్లో ఒక్కటంటే ఒక్కటి లేదు. నాన్నగారు లేనప్పుడు అమ్మని విడిగా కూర్చోబెట్టి రికార్డు చెయ్యి.

ఈ రంగుల కోసమే సముద్రాలు దాటి వచ్చారు. 1618 నుంచి 1622 దాకా ఇక్కడి ఇంగ్లీషు కొఠీలో ఉన్న విలియం మెథ్‌వోల్డ్, మన చిరివేరు ఇచ్చే ఎరుపు గురించి మెచ్చుకుంటూ రాశాడు. ఆ రంగు అద్దిన చేతుల పేర్లు మాత్రం ఎవరూ రాయలేదు. నువ్వు మీ నాన్నగారి పేరు, ఆయనకి పని నేర్పిన గురువు పేరు, తెలిస్తే ఆ గురువు గురువు పేరు రికార్డింగ్ మొదట్లోనే ఆయన నోటితో చెప్పించు. అలా వెనక్కి మూడు పేర్లు దొరికినా చాలా గొప్ప.

రికార్డు చేసేటప్పుడు ఫ్యాను ఆపు. ఫోను ఆయనకి జానెడు దూరంలో, గుడ్డ మీద పెట్టు. మొదట తేదీ, చోటు చెప్పు. గంట దాటనివ్వకు. ఆయన మాట ఆపితే నువ్వు వెంటనే ఇంకో ప్రశ్న వేయకు. నేను దస్తావేజులు రాసినన్నాళ్లూ చూశాను, అసలు సంగతి ఆ రెండు నిమిషాల మౌనం తర్వాతే వచ్చేది. అప్పుల సంగతులో, అన్నదమ్ముల తగాదాలో వస్తే బయట పెట్టొచ్చా అని ఆయన్నే అడుగు. వద్దంటే ఆ ముక్క నీ దగ్గరే ఉంచుకో. ఆ రాత్రే ఫైలుకి తేదీతో పేరు పెట్టి ఇంకోచోట దాచు. ఫోను పోయిందంటే నాన్నగారి గొంతు కూడా దాంతోనే పోతుంది.

ప్రశ్న: మాది మిఠాయి వ్యాపారం చేసే కుటుంబం. ఇవన్నీ రాస్తున్నారు గానీ, బందరు లడ్డూ కూడా చరిత్ర కిందికి వస్తుందా?

ఎందుకు రాదు? 2017లో దానికి భౌగోళిక గుర్తింపు వచ్చింది కదా. కానీ ఆ సర్టిఫికెట్‌లో మీ ఇంటి రోలు ఉండదు. శనగపిండి పూస వేయించి, దంచి, జల్లించి, పాకం పట్టి మళ్లీ నేతితో రోట్లో తొక్కుతారని అందరికీ తెలుసు. తొక్కుడు లడ్డూ అనే పేరు అందుకే వచ్చింది. ఎంతసేపు తొక్కుతారు? ఇద్దరు ఒకేసారి తొక్కేటప్పుడు చేయి మార్చుకోవడానికి ఏమైనా కేక వేస్తారా? పాకం వచ్చిందని ఎవరు చూసి చెప్పేవారు? మీ తాతగారు వాడిన రోకలి ఉంటే దాని పొడుగు కొలిచి, ఫొటో తీసి, ఈ మూడు ప్రశ్నలకి మీ ఇంట్లో పెద్దవాళ్ల జవాబులు రాసి పంపండి. వచ్చే నెల ఈ పేజీలో మీ ఉత్తరమే ముందు వేస్తాను.